ఎడమ పేజీ

మా ఆయన సంతాప సభ నూజివీడులో ఒక కల్యాణ మండపంలో జరిగింది. వేదిక వెనక గోడంత ఫ్లెక్సీ కట్టారు. అందులో ఆయన ఫొటో, మెడకి మఫ్లరు చుట్టుకుని, ఎటో చూస్తూ. ఫొటో కింద రెండు వాక్యాలు.

"పోయినవాళ్ళు ఎక్కడికీ పోరు. ఎక్కడ పెట్టామో మనమే మరిచిపోతాం."

వాటి కింద ఆయన పేరు.

ఆ మాట నాది.

ముందు వరుసలో నాకోసం వేసిన కుర్చీలో కూర్చుని మూడు గంటలసేపు నా మాటని నేనే చదువుకున్నాను. మాట్లాడినవాళ్ళు ఏడుగురు. ఏడుగురూ దాంతోనే మొదలుపెట్టారు. ఆరో ఆయనకి గొంతు పూడుకుపోయి రెండో వాక్యం పూర్తి కాకపోతే కింద నుంచి జనం అందించారు. నేను అందించలేదు. చివర్లో నన్ను పైకి పిలిచి శాలువా కప్పి, "గురువుగారికి అన్నం వండిపెట్టిన చల్లని చెయ్యి" అన్నారు. నా వంట తిన్నవాడెవడూ ఆ మాట అనడు. మా ఇంట్లో మామిడికాయ పప్పు ఆయనే చేసేవారు. నేను చేస్తే అడుగంటుతుంది, దృష్టి వేరేచోట ఉంటుంది కనక.

ఇలాంటివి నేను మరిచిపోను. మరిచిపోవాలని ప్రయత్నించిందీ లేదు. "మీకు కోపం ఎక్కువండీ" అంటారు చాలామంది. నాకున్నది జ్ఞాపకం. అది లేనివాళ్ళకి కోపంలా కనిపిస్తుంది.

కొన్ని సంగతులు ముందు చెప్పాలి, ఎందుకంటే ఆయన మీద వచ్చిన రెండు జీవిత చరిత్రల్లోనూ అవి లేవు. తత్వశాస్త్రం ఎమ్మేలో మేమిద్దరం ఒకే తరగతి. మొదటి స్థానం నాది, రెండోది ఆయనది. మేముండే ఈ మామిడితోట, ముసునూరు వెళ్ళే దారిలోది, మా నాన్నది. నాకిచ్చాడు. పుస్తకాల్లో మాత్రం "తన తోటలో ఏకాంతంగా తత్వచింతన చేసిన మహనీయుడు" అని రాశారు. తోట ఆయనది కాదు, ఏకాంతం అసలే కాదు. ఆయన వెనక ఆరడుగుల దూరంలో నేనున్నాను.

ఆయనకి కూర్చుంటే ఆలోచన రాదు, నడిస్తేనే వస్తుంది. చేతిరాత చూస్తే కోడి గెలికినట్టు ఉంటుంది, రాసినవాడికే తెలియదు. అందుకని కాలేజీ నుంచి వచ్చాక సాయంత్రం నాలుగింటికి తోటలోకి దిగేవారు. మోటారు షెడ్డు దగ్గర మొదలై, రసాల చెట్ల వరస దాకా వెళ్ళి, మళ్ళీ వెనక్కి. నడుస్తూ చెప్పేవారు. నేను అట్ట మీద నోటుపుస్తకం పెట్టుకుని రాసుకుంటూ వెనక నడిచేదాన్ని. పెళ్ళయిన కొత్తలో ఓ రోజు ఆయన చెప్పింది నాకు తప్పనిపించింది. "కాదు" అన్నాను. ఆయన తిరిగి చూడకుండానే, "అదీ రాయి" అన్నారు.

"ఎక్కడ రాయను?"

"ఎడం పక్క ఖాళీగానే ఉందిగా."

అప్పటినుంచి అదే పద్ధతి. కుడి పేజీలో ఆయన చెప్పింది, ఎడమ పేజీలో నేను కాదన్నది. మర్నాడు ఆయన ఎడమ పేజీ చదివించుకుని దానికి జవాబు చెబుతూ నడక మొదలుపెట్టేవారు. జవాబు మళ్ళీ కుడి పేజీలో. నలభై నాలుగేళ్ళు ఇలా నడిచాం. నోటుపుస్తకాలు గోడ బీరువా నిండా ఉన్నాయి, మామిడి సొన మరకలతో. అన్నీ నా చేతిరాతే.

మన పాత శాస్త్రాల్లో ఎదుటివాడి వాదాన్ని ముందు పెట్టి, తర్వాత దాన్ని ఖండిస్తారు. ఎదుటివాడి వాదం లేకపోతే గ్రంథం లేదు. ఆయన పుస్తకాల్లో ఎదుటివాడు నేను. అచ్చులోకి వచ్చేసరికి ప్రతిచోటా "ఒకడు ఇలా అడగవచ్చు" అని ఉండేది. అడిగినదాన్ని నేను పక్క గదిలోనే ఉన్నాను. "ఒకడు ఏంటండీ, నాకు మీసాలున్నాయా?" అన్నాను మొదటి పుస్తకం చూసి. ఆయన నవ్వారు. "శైలి అలా ఉంటుందిలే, ఏమోయ్" అన్నారు. ఆ నవ్వు కూడా నాకు గుర్తే.

సరే, ఒకడు అంటే ఒకడు. ఊరుకున్నాను. కాని ఆ రెండు వాక్యాల సంగతి వేరు.

అది మా అత్తగారు పోయిన పదకొండో రోజు. ఆయన బోధ అంతా ఒక్క ముక్కలో చెప్పాలంటే ఇది: చనిపోయినవారు ఎక్కడా ఉండరు, మిగిలేది బతికున్నవాళ్ళ అలవాటు. ఆ అలవాటుకి జ్ఞాపకమని పేరు పెట్టి, జ్ఞాపకానికి ఆత్మ అని పేరు పెట్టి, దాని చుట్టూ తిరుగుతాం. సొంత తల్లి పోయినా ఆయన ఆ మాట మీదే ఉన్నారు. కర్మకాండ వద్దన్నారు, చుట్టాలతో తిట్లు తిన్నారు. ఆ మధ్యాహ్నం వంటింటి గడప మీద కూర్చుని నాకు అదే చెబుతున్నారు. నేను కత్తిపీట కోసం వెతుకుతున్నాను. అది ఎప్పుడూ మా అత్తగారే తీసి, మా అత్తగారే దాచేది. బియ్యం డబ్బా వెనక లేదు, పొయ్యి కింద లేదు. నాకు విసుగొచ్చింది.

"మీ అమ్మ ఎక్కడా లేదంటారు. అయితే కత్తిపీట ఎక్కడుందో ఎవర్ని అడగాలి? పోయినవాళ్ళు ఎక్కడికీ పోరండీ. ఎక్కడ పెట్టామో మనమే మరిచిపోతాం."

"రాయి" అన్నారు ఆయన, గడప మీద నుంచి లేవకుండానే. నేను చేతులు తుడుచుకుని వెళ్ళి ఎడమ పేజీలో రాశాను. దానికి ఆ మర్నాడు జవాబు రాలేదు. ఆ నెలంతా రాలేదు. ఆయన ఉన్నన్నాళ్ళూ కుడి పేజీ ఖాళీగా మిగిలింది దానికొక్కదానికే.

కత్తిపీట అటక మీద దొరికింది.

రెండేళ్ళ తర్వాత ఆయన మూడో పుస్తకం వచ్చింది. టైపు చేసింది ఆయన దగ్గర చదువుకున్న ఒక కుర్రవాడు. కుర్రవాడు అంటున్నానుగాని ఇప్పుడతనికి అరవై దాటాయి, ఆయన పేరు మీదున్న ట్రస్టుకి కార్యదర్శి. నోటుపుస్తకాలు తీసుకెళ్ళి టైపు చేసి తెచ్చాడు, ఆయన ప్రూఫులు దిద్దారు, పుస్తకం అచ్చయి వచ్చింది. తెరిచి చూశాను. చివరి అధ్యాయం చివరి వాక్యాలు నావి. "ఒకడు అడగవచ్చు" అని కూడా లేదు. ఆయన సొంత మాటగా, అధ్యాయానికి మకుటంలా పెట్టి ఉంది.

"ఇదేంటండీ?" అన్నాను.

ఆయన పుస్తకం తీసుకుని చాలాసేపు ఆ పేజీనే చూశారు. "పొరపాటు జరిగినట్టుంది" అన్నారు. "తర్వాతి ముద్రణలో సరిచేద్దాం."

నేను పొరపాటు ఎలా జరిగిందో కూడా కనిపెట్టాను. పుస్తకం తెరిస్తే ముందు కళ్ళకి కనిపించేది ఎడమ పేజీ. రెండు పేజీలదీ ఒకటే చేతిరాత. ఆ కుర్రవాడు చూసుకోకుండా వరసగా కొట్టేసి ఉంటాడు. అంతే, అతన్ని పట్టుకున్నాను. ముప్ఫై ఏళ్ళు వదల్లేదు. ఎప్పుడు ఇంటికొచ్చినా, "ఏమయ్యా, ఎడమేదో కుడేదో నేర్చుకున్నావా?" అనేదాన్ని. అతను తల వంచుకునేవాడు. అతని మీద నాకు ఇంకో కక్ష కూడా ఉంది. ఒకసారి వసారాలో పదిమంది ముందు నేను ఆయనతో వాదిస్తూ వాక్యం మధ్యలో ఉండగా, ఇతను తాగేసిన కాఫీ గ్లాసు నా చేతిలో పెట్టాడు. చూడకుండా, అలవాటుగా పెట్టాడు. నేను ఆ గ్లాసు పట్టుకునే వాక్యం పూర్తి చేశాను. కాని ఆ వాక్యం ఎవరూ వినలేదు.

తర్వాతి ముద్రణ వచ్చింది. ఆ తర్వాతిదీ వచ్చింది. సవరణ రాలేదు. ఒకసారి అచ్చుకి ఫిలిం తయారైపోయిందన్నారు, ఒకసారి మరిచిపోయానన్నారు. ఈలోగా ఆ మాట పుస్తకం దాటి వెళ్ళిపోయింది. శుభలేఖల్లాగా దినం కార్డుల మీద అచ్చేస్తున్నారు. హనుమాన్ జంక్షన్‌లో ఒక లారీ వెనక చూశాను. పొద్దున్నే వాట్సాప్‌లో గులాబీపువ్వు బొమ్మతో, ఆయన ఫొటోతో నాకే వస్తుంది. ఆయన నలభై నాలుగేళ్ళు చెప్పింది జనానికి ఒక్క ముక్క గుర్తులేదు. ఆయన చెప్పనిది, ఆయన చెప్పినదానికి విరుద్ధమైనది, అదొక్కటే ఆయన పేరు మీద నిలబడింది. ఆయన తత్వవేత్తగా జనానికి తెలిసింది నా విసుగుతో.

చివరి పుస్తకం మరణం మీదే మొదలుపెట్టారు. అప్పటికి ఆయనకి నడక తగ్గింది, రెండు చెట్లకోసారి ఆగేవారు. ఆ పుస్తకంలోనే, నాలుగో అధ్యాయం నడుస్తుండగా, నేను ఎడమ పేజీలో వాదం ఏమీ రాయలేదు. ఒక్క ప్రశ్న రాశాను: "ఆ మాట ఎవరిదో చెప్పండి."

చదివి వినిపించాను. ఆయన రసం చెట్టుకి చెయ్యి ఆనించి నిలబడ్డారు. "చెబుతాను. రేపు రాసుకుందువుగాని" అన్నారు.

మర్నాడు పొద్దున ఆయన లేవలేదు. తోట నిండా పూత, తేనెమంచు పురుగుకి మందు కొట్టేవాళ్ళు అప్పుడే డ్రమ్ములు దించుతున్నారు. నేను టీ పట్టుకెళ్ళాను. టీ చల్లారేదాకా అక్కడే కూర్చున్నాను. అప్పుడు మొదట నాకొచ్చిన ఆలోచన ఇది, దాచుకోను: ఇక రేపు లేదు, కుడి పేజీ ఖాళీ.

*

ఆయన టైరు చెప్పులు మోటారు షెడ్డు గోడ పక్కనే ఉండిపోయాయి. ఎవరూ తియ్యలేదు, నేనూ తియ్యలేదు. సంతాప సభ దాటిన వారం నుంచి నాలుగింటికి ఎండుటాకుల మీద అడుగుల చప్పుడు మొదలైంది. నాకు తెలిసిన నడక. ఎడమ కాలు కొంచెం ఈడ్చి, రెండు చెట్లకోసారి ఆగి. నేను నోటుపుస్తకం, అట్ట తీసుకుని బయల్దేరేదాన్ని. ఎవరూ కనిపించరు. ఆరడుగుల దూరం ఉంచి నడిచేదాన్ని. చప్పుడు ఆగిన చోట ఆగేదాన్ని, పెన్ను మూత తీసి, చెబుతారేమోనని.

నా ఇరకాటం చూడండి. ఆయన నిజంగా అక్కడ నడుస్తుంటే నా మాటే నిజం, నలభై నాలుగేళ్ళ వాదంలో నేను గెలిచినట్టు. కాని ఆ గెలుపు ఒప్పుకోవాల్సిన మనిషి నోరు విప్పడు. ఆయన అక్కడ లేకపోతే, ఆ చప్పుడు నా చెవుల అలవాటే అయితే, ఆయనే గెలిచినట్టు. పోయాక కూడా.

తోటకి కాపలా ఉండే ఆమె, చిన్నప్పటినుంచి మా చెట్ల కిందే కాయ కోసిన మనిషి, ఒకరోజు నన్ను ఆపింది.

"అమ్మగారండీ, ఎవరితో మాట్లాడుతున్నారు?"

"మాట్లాడటం లేదే. పోట్లాడుతున్నాను."

"అయితే పర్లేదులెండి" అంది. "పోట్లాట అయితే అయ్యగారితోనే."

నాకు అసలు పరీక్ష తోటలో కాదు, బల్ల దగ్గర. ఆ చివరి నోటుపుస్తకం తెరిచి పెట్టుకుని కూర్చునేదాన్ని. ఎడమ పేజీలో నా ప్రశ్న. కుడి పేజీ తెల్లగా. అక్కడ ఒక్క వాక్యం రాస్తే చాలు: "ఆ మాట నాది కాదు, నా భార్యది." ఆయన ఎలా అంటారో నాకు తెలుసు. ఎక్కడ ఆగుతారో, ఏ మాట రెండుసార్లు అంటారో తెలుసు. చేతిరాత ఎలాగూ నాదే. ఏ పండితుడూ పట్టుకోలేడు. రాసేది అబద్ధం కూడా కాదు, నిజం.

పెన్ను ఎన్నిసార్లు తీశానో. ఒకసారి నిబ్బు కాగితాన్ని తాకి చుక్క కూడా పడింది, ఇప్పటికీ ఉంది. రాయలేకపోయాను. నలభై నాలుగేళ్ళు ఆయన చెప్పని ముక్క కుడి పేజీలో ఒక్కటి రాయలేదు నేను. ఆయన నా మాట తీసుకున్నారని ముప్ఫై ఏళ్ళు దెప్పినదాన్ని, ఆయన నోట్లో మాట పెట్టి నా మాట వెనక్కి తెచ్చుకోనా? నా న్యాయం నాకు కావాలి. దొంగిలించి కాదు.

ఇంతలో కాయ తయారైంది. ఏప్రిల్‌లో ట్రస్టు కార్యదర్శి ఫోన్ చేశాడు, ఆ టైపు కుర్రవాడే. చివరి పుస్తకం ఎంతవరకు అయితే అంతవరకు అచ్చేస్తాం, నోటుపుస్తకం కోసం వస్తున్నాను అన్నాడు. రమ్మన్నాను.

అతను వచ్చే రోజు పొద్దున్నే కాపలా ఆమె వాకిట్లో నిలబడింది.

"అమ్మగారండీ, చిన్న రసాలు చెట్టునే పండాయండి. చిలకలు కొరికి రాలగొడుతున్నాయి. మేం ముట్టుకోలేదు."

"ఎందుకు ముట్టుకోలేదు?"

"ఎలా ముట్టుకుంటామండీ? అయ్యగారికి ఇవ్వలేదుగా మీరు."

వాళ్ళ ఆనవాయితీ అది. ఇంట్లో మనిషి పోయిన ఏడు, తొలి పండు ఆ మనిషి పేరు తలుచుకుని బయటి మనిషి చేతికివ్వాలి. కాస్త వయసున్న మనిషి అయితే మంచిది. ఆ మనిషి అక్కడే కూర్చుని మొత్తం తినాలి. తిన్నాక "తృప్తేనా?" అని అడగాలి. "తృప్తి" అని ఆ మనిషి అంటే పోయినవారు అన్నట్టు. అప్పటిదాకా ఆ తోటలో పనిచేసేవాళ్ళు కూడా పండు నోట పెట్టరు. ఆయన రెండో పుస్తకంలో దీన్ని వెక్కిరిస్తూ ఏకంగా ఐదు పేజీలు రాశారు. ఎడమ పేజీలో దాన్ని సమర్థించింది నేను. సమర్థించానేగాని ఎప్పుడూ చెయ్యలేదు. మా నాన్న పోయినప్పుడూ చెయ్యలేదు.

"ఆయనకి ఇవి నచ్చవే."

"నచ్చకపోతే వచ్చి చెప్పమనండి" అంది. "మా కోడలు కడుపుతో ఉందండీ. పండు పండు అని చంపేస్తంది. మీరూ మీరూ తర్వాత తేల్చుకోండి."

ఆమె మొహంలో ఎగతాళి లేదు. "కొయ్యి" అన్నాను. ఆమె కర్రకి కట్టిన చిక్కం తెచ్చి, ఆయన చెయ్యి ఆనించి నిలబడ్డ చెట్టుదే, ఒక పండు దించింది. తొడిమ తీసి, సొన కారనిచ్చి, కడిగి ఇత్తడి పళ్ళెంలో పెట్టింది.

పదకొండింటికి కార్యదర్శి కారు వచ్చింది. వసారాలో కూర్చున్నాడు. జుట్టంతా నెరిసిపోయింది. నన్ను చూసి లేవబోయాడు.

"కూర్చో. కాఫీ తర్వాత" అన్నాను. "ముందు ఇది తిను."

"అయ్యో, ఎందుకండీ..."

"తిను. మొత్తం తినాలి."

అతనికి ఆనవాయితీ తెలియదు, ఉంగుటూరు వైపు వరి పొలాల మనిషి. పండుని రెండు అరచేతుల మధ్య మెత్తగా నలిపాడు, మొన దగ్గర చిన్న ముక్క కొరికి ఊశాడు, పీల్చడం మొదలుపెట్టాడు. తెల్లచొక్కా మీద పడకుండా ముందుకి వంగాడు. ఆయన కూడా అలాగే వంగేవారు. శిష్యుడు గురువు దగ్గర నేర్చుకున్నది అదొక్కటి బాగా వచ్చిందనుకున్నాను. కాపలా ఆమె మెట్ల దగ్గర చేతులు కట్టుకుని కళ్ళార్పకుండా చూస్తోంది.

నేను నోటుపుస్తకం తెరిచి అతని ముందు పెట్టాను.

"దీన్ని ఇస్తాను. కాని ఆ మాట నాదని ఈ పుస్తకంలో వెయ్యాలి."

అతను టెంక నోట్లోంచి తీశాడు. చేతుల నిండా రసం, ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు.

"అమ్మగారూ, ఆ మాట తీసేస్తే గురువుగారిదని జనానికి ఏం మిగులుతుందండీ? ముందుమాటలో మీ గురించి ఒక పేజీ రాయిస్తాను. సహధర్మచారిణి అని..."

"నాకు పేజీ వద్దు. రెండు వాక్యాలు చాలు."

"ఆధారం అడుగుతారండీ. చేతిరాత చూపిస్తే, అన్నీ మీ చేతిరాతేగా అంటారు."

"అన్నీ నా చేతిరాతే. అయితే అన్నీ నావేనా? ముప్ఫై ఏళ్ళ క్రితం ఎడమా కుడీ తెలియకుండా టైపు కొట్టి ఇంతకి తెచ్చింది నువ్వు. ఇప్పుడు ఆధారం నన్నడుగుతున్నావా?"

అతను తల వంచుకున్నాడు, ఎప్పటిలాగే. మెట్ల దగ్గర నుంచి కాపలా ఆమె అందుకుంది.

"అడగండమ్మగారూ. అయిపోయిందిగా, అడగండి."

"ఏం అడగాలి?" అన్నాడతను.

"నువ్వు తిన్నది అయ్యగారి పండు బాబూ. అయ్యగారి బదులు తిన్నావు. ఇప్పుడు అమ్మగారు అడిగితే నిజం చెప్పాల. తప్పిస్తే నీకూ మంచిది కాదు, ఆయనకీ మంచిది కాదు."

నిజం చెప్పాలన్నది ఆనవాయితీలో లేదు. ఆమె అప్పటికప్పుడు కలిపింది. కాని అతని మొహం పాలిపోయింది. చేతిలో టెంక, మోచేతి దాకా కారిన రసం. ఆ టెంక వైపే చూస్తూ ఉండిపోయాడు.

"ఎడమేదో నాకు తెలుసండీ" అన్నాడు చివరికి. "అప్పుడూ తెలుసు."

టెంకని పళ్ళెంలో పెట్టాడు.

"ఎడమ పేజీ మీదని మా అందరికీ తెలుసండీ. టైపులో మీవన్నీ పక్కన గీత పెట్టి కొట్టేవాణ్ణి. గురువుగారు ప్రూఫుల్లో వాటిని 'ఒకడు' అని మార్చుకునేవారు. దీనికీ గీత పెట్టాను. ప్రూఫులో చూస్తే ఆయన గీత కొట్టేశారు. పొరపాటేమో అని పట్టుకెళ్ళి అడిగాను. ఇది అమ్మగారిది కదండీ, 'ఒకడు' అని పెట్టనా, తీసెయ్యనా, అని."

"ఏమన్నారు?"

"చాలాసేపు చూశారండీ. 'ఉండనీ' అన్నారు."

"ఇంకా?"

"ఇంకేం లేదండీ. మామిడికాయ పప్పు చేశాను, తినేసి వెళ్ళు, అన్నారు."

నేను ఆ రోజుని వెతుక్కున్నాను. అతను వచ్చిన రోజు, పప్పు తిన్న రోజు. నేను ఏ గదిలో ఉన్నానో. దొరకలేదు. నేను దేన్నీ మరిచిపోననుకుంటాను. అన్నిటికన్నా పెద్దది నా ఇంట్లోనే, భోజనాల వేళ జరిగింది, నేను అక్కడే ఎక్కడో ఉన్నాను.

"మరి ఇన్నేళ్ళు నేను తిడుతుంటే ఎందుకు పడ్డావు?"

"మీరు నన్ను తిడుతున్నప్పుడు గురువుగారు పక్కనే ఉండేవారు కదండీ. ఆయన నా వైపు చూసేవారు. చెబితే ఆ తిట్లు ఆయన మీద పడతాయి. నాకైతే నెలకోసారి. ఆయనకి రోజూ."

కాపలా ఆమె పమిట నోటికి అడ్డం పెట్టుకుంది. నవ్విందో ఏమో తెలియదు.

ముప్ఫై ఏళ్ళుగా ఒక మనిషి మీద పెట్టుకున్న కక్ష, తప్పు మనిషి మీద పెట్టుకున్నానని తెలిస్తే ఏం చెయ్యాలో నాకు తెలియలేదు. దాన్ని తీసి దింపాల్సిన చోట దింపాలంటే, ఆ చోట మనిషి లేడు. "పొరపాటు జరిగినట్టుంది" అన్నప్పుడు ఆయన ఎటు చూశారో గుర్తుకొచ్చింది. పుస్తకం వైపు. నా వైపు కాదు. అది కూడా నేను అప్పుడు చూశాను, చూసి దాచుకున్నాను, ఎందుకో తెలియకుండానే.

పెన్ను తీశాను. నోటుపుస్తకం నా వైపు తిప్పుకుని, ఆ ఖాళీ కుడి పేజీలో, చుక్క పడిన చోటు పక్కన, రాశాను.

"ఉండనీ."

"ఇది ఆయన చెప్పింది" అన్నాను అతనితో. "నీకు చెప్పారు, నాకు కాదు. నువ్వు సాక్షివి. ఎడమ పేజీ, కుడి పేజీ ఎదురెదురుగా ఇలాగే వెయ్యి. నా ప్రశ్న, ఆయన జవాబు. కింద నువ్వు ఇప్పుడు చెప్పింది నీ పేరుతో రాయి."

అతను నోటుపుస్తకం వైపు చూశాడు. ఒక్క మాట ఉన్న పేజీ. "వారి గురించి చెడుగా అనుకుంటారేమోనండీ" అన్నాడు మెల్లగా.

"అనుకోనీ. నేను నలభై నాలుగేళ్ళు అనుకోలేదా? అయినా ఆయన వెనక నడిచాను."

"రాస్తానండీ" అన్నాడు. "నా పేరుతోనే రాస్తాను."

అతను లేచి చేతులు కడుక్కోబోతుంటే కాపలా ఆమె దారికి అడ్డం నిలబడింది. "అమ్మగారండీ, ఆ ఒక్క ముక్కా అడిగెయ్యండి. మా కోడలు ఎదురుచూస్తంది."

"తృప్తేనా?" అని అడిగాను.

"తృప్తేనండీ" అన్నాడు తల వంచుకుని.

ఆమె అప్పటికే చిక్కం తీసుకుని చెట్ల వైపు నడిచింది. కారు వెళ్ళిపోయింది. టైపు తప్పు ఒక్కటి అతని మీద నుంచి తీసేశాను. కాఫీ గ్లాసు సంగతి అలాగే ఉంది.

ఆ సాయంత్రం నాలుగింటికి షెడ్డు వైపు నుంచి అడుగులు మొదలయ్యాయి. ఎండుటాకుల మీద, ఎడమ కాలు కొంచెం ఈడ్చి. నేను వసారాలోనే కూర్చున్నాను. రెండో చెట్టు దగ్గర చప్పుడు ఆగింది. మామూలుగా ఆగే చోటే. కాని ఈసారి ఎక్కువసేపు ఆగింది, వెనక రావలసిన మనిషి రాలేదని చూసుకుంటున్నట్టు. నేను లేవలేదు. కాసేపటికి ఆకులు మళ్ళీ కదిలాయి, ఒక్కరి నడకే, రసాల చెట్ల వరసకేసి.